లోచూపు బండి

పొన్నమెరక, ముమ్మిడివరం దగ్గర
14 జూన్ 1998

మస్కట్‌లో నీళ్ళ ట్యాంకరు తోలుతున్న మావారికి విజయ నమస్కారాలు.

మీ ఉత్తరమూ, దుర్గకి పంపిన కాలిక్యులేటరూ అందాయి. మన పిల్ల దాన్ని అమలాపురం హాస్టలుకి పట్టుకుపోయింది. లెక్కలు చేస్తోందో, స్నేహితురాళ్ళకి చూపిస్తోందో పరీక్షలయితే గానీ తెలియదు.

అందరం క్షేమం అని రాద్దామంటే పొయ్యి మీద పప్పు వెక్కిరిస్తోంది. పొద్దున్నించీ ఉడకడం లేదు. మన నూతి నీళ్ళు ఈ వేసవిలో మరీ ఉప్పెక్కిపోయాయి. పేట నుంచి ఎలీసమ్మా, మిగతా ఆడవాళ్ళూ బిందెలు పట్టుకుని పెద్ద కాలవ దాకా పోతున్నారు. మొన్న మన అరుగు మీద బిందె దించి, "విజయమ్మగారండీ, నా మెడ పొట్టిదైపోతందండి. పెళ్ళినాటి ఫోటోలో ఎంత పొడుగుండేదో చూపిస్తానుండండి" అంది. నవ్వేసి మళ్ళీ బిందె ఎత్తుకుని పోయింది. నాకు మాత్రం నవ్వు రాలేదు.

ఇంకో సంగతి. మనింటికి ఓ అమ్మాయి వచ్చింది. పేరు వాణి. కొత్తపేట లెక్కల మాస్టారి కూతురు. విశాఖపట్నంలో భూమి గురించి పరిశోధన చేస్తోంది. తనూ, వాళ్ళ ప్రొఫెసరుగారూ కలిసి ఓ యంత్రం తయారుచేశారు. రెండు సైకిలు చక్రాలు, వాటి మీద రేకు పెట్టె, పెట్టె మీద చిన్న టీవీ, అడుగున నేలకి ఆనీ ఆననట్టు ఓ పళ్ళెం. బస్సులో కండక్టరుకి అది సైకిలో, పెట్టో, టీవీయో తేలక మూడింటికీ లగేజీ టిక్కెట్టు కొట్టాడట.

దాన్ని నేల మీద తోసుకుపోతుంటే అడుగున ఏముందో టీవీలో కనిపిస్తుంది. పక్కన ఓ మర ఉంది. తిప్పినకొద్దీ ఇంకా కిందికి చూపిస్తుంది. "మనకి కనిపించే నేల ఒక్కటే కాదండీ పిన్నిగారూ. అరటి బోదెలాగ పొర కింద పొర ఉంటాయి. పాత కాలాలు ఎక్కడికీ పోలేదండీ, కిందనే ఉన్నాయి. మన కళ్ళే అందవు" అంది. ఆ బండికి లోచూపు అని పేరు పెట్టుకుంది.

ఎప్పుడో గోదావరి పాయ ఒకటి మన వైపు నుంచి పోయి పూడిపోయిందట. ఆ పాయ ఇసకలో మంచినీళ్ళు దాగి ఉండచ్చట. దాని జాడ కోసం మన తోటలో వెతుకుతానంటే సరేనన్నాను. పక్క గది కూడా ఇచ్చాను. మిమ్మల్ని అడిగి జవాబు తెప్పించుకునేసరికి నెల పడుతుంది. అంతదాకా ఆ పిల్లని అరుగు మీద నిలబెట్టలేను కదా.

మీ విజయ

*

మస్కట్
2 జూలై 1998

విజయా,

నీ ఉత్తరం గదిలో అందరికీ చదివి వినిపించాను. రాజోలు నతానియేలు ఓ మాట అడగమన్నాడు. ఆ లోచూపుని మా సూపర్‌వైజరు బుర్ర మీద తోస్తే లోపల ఏమైనా కనిపిస్తుందా అని.

నాకు ఇప్పుడు కొండల వైపు డ్యూటీ. ఎండకి రోడ్డు నీళ్ళలా మెరుస్తుంటుంది గానీ ఎక్కడా చుక్క ఉండదు. కొండ కొసని ఓ పల్లె ఉంది. నా ట్యాంకరు మలుపు తిరగగానే మేకలు కూడా లేచి నిలబడతాయి. కొత్తల్లుడు వచ్చినంత మర్యాద అనుకో. ఓ ముసలమ్మ ఉంది, పైపు పెట్టగానే ముందు చెయ్యి పట్టి నీళ్ళు మొహానికి రాసుకుని ఏదో దీవిస్తుంది. భాష రాదు గానీ దీవెన అని తెలుస్తుంది.

ఆ అమ్మాయిని తోటలో తిరగనీ. గోతులు మాత్రం తవ్వనివ్వకు. కేశవరావు బావ ఓసారి వస్తాడు. కాఫీ ఇచ్చి కూర్చోబెట్టు. తోట చూస్తానంటే చూపించు. మిగతా సంగతులు తర్వాత రాస్తాను.

నూతిలో పటిక వేయించి చూశావా?

భాస్కర్

*

పొన్నమెరక
25 జూలై 1998

మావారికి,

పటిక వేయించాను. నీళ్ళు తేటగా కనిపిస్తున్నాయి, ఉప్పు అలాగే ఉంది.

మన ఊళ్ళో ఇప్పుడు సినిమా మాటలే లేవు, అన్నీ లోచూపు మాటలే. పొద్దున్నే మన గుమ్మం ముందు జనం. ఒకామెకి పెళ్ళిలో పోయిన చెవి దుద్దు కావాలి. ఇంకొకాయనకి వాళ్ళ తాత పాతిపెట్టాడని చెప్పుకునే బిందె కావాలి. మాణిక్యాలరావుగారైతే అల్లుడినే వెంటబెట్టుకొచ్చారు. "అమ్మాయీ, ఈయన చెప్పేదొకటీ చేసేదొకటీను. ఓసారి ఇటు తిప్పవా" అన్నారు. వాణి నవ్వు ఆపుకుని, "ఇది మనుషుల్లోకి చూడదండీ" అంది. "మరెందుకమ్మా ఇంత ఖర్చు" అని ఆయన విసుక్కుంటూ పోయారు. అల్లుడి మొహం మాత్రం వెలిగిపోయింది.

తుఫానుకి చెట్లు పడిపోయి ఖాళీ అయిన వైపు బండి తోశాం. నేను కూడా ఓ చెయ్యి వేశాను. మొదటి పొరలో పడిపోయిన కొబ్బరి చెట్ల వేళ్ళు, చింపిరి జుట్టులాగా. మర తిప్పితే నాగటి చాళ్ళు. అవును, మన తోటలో ఎప్పుడో వరి పండించారు! ఆ చాళ్ళు దువ్వెనతో దువ్వినట్టు ఇప్పటికీ కిందనే ఉన్నాయి. ఇంకా తిప్పితే ఇసక, ఇసక మీద అలల గీతలు. ఏటి ఒడ్డున నీళ్ళు తీసినప్పుడు ఉంటాయే, అవే. వాణి మర తిప్పడం ఆపింది. "పాయ దొరికిందండీ" అంది.

అక్కడితో ఆగలేదు. అలల మధ్య ఓ పెద్ద ఆకారం, చేపలాగా. తర్వాత పక్కటెముకల్లాంటి అడ్డ చెక్కలు కనిపించాయి. పడవ. మన తోట కింద, సరుకు నింపిన పడవ ఒకటి నిశ్చింతగా ఒరిగి పడుకుని ఉంది.  నేను రోజూ దాని మీద నడిచి కొబ్బరి మట్టలు ఏరుకున్నాను.

ఆ పడవ చుట్టూ ఇసకలో తెల్లటి వెలుగు కనిపించింది. అది తియ్యటి నీళ్ళట. ఉప్పునీళ్ళయితే నల్లగా కనిపిస్తాయి.

ఈ హడావుడిలోనే కేశవరావు అన్నయ్యగారు వచ్చారు. కాఫీ ఇచ్చాను. తోటలో టేపు పట్టుకుని ఆ చివర నుంచి ఈ చివరకి కొలిచారు. "ఎందుకన్నయ్యగారూ" అంటే, "బావ చెప్పలేదా అమ్మా? చెప్తాళ్ళే" అని నవ్వి మోటారు సైకిలెక్కారు.

ఏమిటండీ మీరు నాకు చెప్పనిది?

విజయ

*

మస్కట్
17 ఆగస్టు 1998

విజయా,

బావ తొందరపడ్డాడు. నేనే ముందు రాయవలసింది. తోటలో చెట్లు పోయిన వైపంతా రొయ్యల చెరువుకి బావకి ఇస్తూ సంతకం చేశాను. నతానియేలు తమ్ముడు ఊరొస్తుంటే కాగితం పంపేశాను. ఎండాకాలంలో తవ్వుతారు.

నువ్వు కాదంటావని చెప్పలేదు. ఎందుకు చేశానో విను. దుర్గ మూడో క్లాసులో ఉండగా వచ్చాను. ఇప్పుడది నా భుజం దాటింది. సెలవుకి వచ్చినప్పుడల్లా నువ్వు నాకు బీరువాలోంచి కొత్త తువ్వాలు తీసి ఇస్తావు. ఇంటి మనిషికి ఎవరూ కొత్త తువ్వాలు ఇవ్వరు, విజయా. చుట్టానికి ఇస్తారు. పోయిన సారి ఉప్పు డబ్బా ఎక్కడుందో నాకు తెలియలేదు. అడగడానికి సిగ్గేసింది.

తుఫాను తర్వాత ఆ తోట మనకేమీ ఇవ్వడం లేదు. చెరువు ఇస్తుంది. ఆ ఆధారం ఉంటే వచ్చే ఏడు నేను వచ్చేయచ్చు, సెలవుకి కాదు, పూర్తిగా. అందుకోసం చేశాను. కోప్పడు గానీ రాయడం మానకు.

భాస్కర్

*

పొన్నమెరక
9 సెప్టెంబరు 1998

మావారికి,

ఉత్తరం అందింది.

మీరు రావాలని నాకు లేదనుకుంటున్నారా?

వాణి చెప్పింది మాత్రం రాస్తున్నాను. ఉప్పునీళ్ళ చెరువు తవ్వి నింపితే ఆ ఉప్పు కిందికి దిగి పాయ ఇసకలో కలుస్తుంది. ఆ తర్వాత ఆ తెల్లటి వెలుగు ఉండదు. ఎన్నో తరాల వానలు ఇంకి తయారైన నీళ్ళు, ఒక్క పంటకి పోతాయట. మళ్ళీ తీపి కావాలంటే మన మనవల కాలానికి కూడా అవదట.

ఎలీసమ్మకి సంగతి చెప్పాను. నన్నేమీ అనలేదు. "అయ్యగారు ఇంటికొచ్చే దారికి మేం అడ్డం పడతామాండి? కాలవ ఉంది కదండి, మెడలూ ఉన్నాయండి" అంది. తిట్టి ఉంటే నాకు తేలికయ్యేది.

వాణి వానలకి విశాఖపట్నం వెళ్ళిపోయింది.

విజయ

*

మస్కట్
3 అక్టోబరు 1998

విజయా,

ఊరందరి బాధా నువ్వొక్కదానివే మొయ్యనక్కర్లేదు. పంచాయితీ ఉంది, ప్రభుత్వం ఉంది. టీవీలో పడవ కనిపించిందని బతుకు ఆపుకుంటామా? బండి తయారుచేసిన పిల్ల దాన్ని గొప్పగానే చెప్పుకుంటుంది.

సంతకం సంతకమే. బావకి మాటిచ్చాను.

భాస్కర్

*

మస్కట్
6 డిసెంబరు 1998

విజయా,

నీ దగ్గర్నుంచి ఉత్తరం లేదు. దుర్గ రాసింది, అమ్మ బాగానే ఉంది అని. బాగానే ఉన్న మనిషి ఎందుకు రాయడం లేదో అది రాయలేదు. తల్లీ కూతుళ్ళిద్దరూ ఒక జట్టని అర్థమైంది.

పోయిన ఉత్తరం విసురుగా రాశాను. నతానియేలు చదివి, పోస్టు చెయ్యద్దురా అన్నాడు. వినలేదు.

కొండ పల్లెకి మొన్న ట్యాంకరు ఆలస్యంగా వెళ్ళింది, దారిలో టైరు పోయి. ముసలమ్మ కోప్పడలేదు. మేకల్ని నీడకి తోలి, నన్ను కూర్చోబెట్టి ఖర్జూరాలు పెట్టింది. నీళ్ళవాడు వస్తాడని వాళ్ళకి ఎంత నమ్మకమో. తిరిగి వస్తుంటే ఎలీసమ్మ అన్న మాట గుర్తొచ్చింది. మెడలూ ఉన్నాయండి అంది కదా. 

ఒక్కటి చెప్పు. ఆ నీళ్ళు నిజంగా తియ్యగా ఉంటాయా? ఎవరైనా తాగి చూశారా?

భాస్కర్

*

పొన్నమెరక
2 జనవరి 1999

మావారికి,

అలిగి మానలేదు. కూర్చుంటే రెండు ఉత్తరాలు వస్తున్నాయి. ఒకదాంట్లో, చెరువైతే ఏం చెప్పండి, మీరు వచ్చేయండి అని రాస్తాను. రెండోదాంట్లో, ఆ నేల ముట్టుకోవద్దని చెప్పండి అని రాస్తాను. రెండూ నేనే, రెండూ నిజమే. ఏది పోస్టు చేసినా రెండోది అబద్ధమైపోతుందని రెండూ పొయ్యిలో పెట్టాను. చలికాలం కదా, కాసేపు వెచ్చగా ఉంది.

తాగి చూడలేదు. తవ్వద్దన్నారు కదా మీరు.

కేశవరావు అన్నయ్యగారు ఎండలు ముదిరాక పొక్లెయిన్ తెస్తారట. వాణి కూడా అప్పటికి వస్తానంది. ఎలీసమ్మ కూతురికి పిల్ల పుట్టింది. ఉప్పు లేని నీళ్ళతో స్నానం చేయించాలని పక్క ఊరి నుంచి సైకిలు మీద తెచ్చుకుంటున్నారు. పిల్ల మాత్రం బొద్దుగా, బలే కోపిష్టిగా ఉంది.

విజయ

*

పొన్నమెరక
21 ఏప్రిల్ 1999

మావారికి,

ఈ ఉత్తరం నింపాదిగా కూర్చుని చదవండి. పక్కన నతానియేలుని కూర్చోబెట్టుకోండి అందామంటే ఆయన ఇక్కడే మన అరుగు మీద పనసతొనలు తింటున్నారు. సెలవుకొచ్చి మీ క్షేమం చెప్పడానికి వచ్చారు. ఈ ఉత్తరం ఆయన చేతికే ఇస్తున్నాను.

పోయిన వారం పొక్లెయిన్ వచ్చింది. నేను తోటకి అడ్డం పడలేదు. మీరు మాటిచ్చారు కదా. వాణి మాత్రం అన్నయ్యగారి దగ్గరికి వెళ్ళి, "తవ్వేముందు ఒక్కసారి చూడండి" అని టీవీలో పడవ చూపించింది. నీళ్ళ గురించి చెప్పాలనుకుంది. అన్నయ్యగారి చెవికి పడవన్న మాట తర్వాత ఇంకేదీ ఎక్కలేదు.

"సరుకుతో ఉందా?"

"ఉందండీ."

"సరుకంటే ఏం సరుకమ్మా?"

"అది తెలీదండీ. బరువైనదే."

అన్నయ్యగారు తువ్వాలు నడుముకి బిగించారు. "చెరువు తర్వాత చూద్దాం. ముందిక్కడ తవ్వండ్రా" అన్నారు. వెండి అన్నారు ఒకరు. డచ్చివాళ్ళ బంగారం అన్నారు మాణిక్యాలరావుగారు. ఆయన అల్లుడు అందరికన్నా ముందు నిలబడ్డాడు. మధ్యాహ్నానికి ఊరు ఊరంతా మన తోటలోనే ఉంది. సోడా బండి కూడా వచ్చింది.

పొక్లెయిన్ పైమట్టి తీశాక, పడవ పాడవుతుందని వాణి పారలతో తవ్వించింది. ఇసక తడి తగిలింది. నల్లటి చెక్క అంచు కనిపించింది. ఎన్నాళ్ళు కిందనుందో గానీ మేకు గుచ్చినా దిగలేదు. అన్నయ్యగారు ఆగలేక తనే గోతిలోకి దిగారు, పంచె పైకి కట్టి. చేత్తో ఇసక తోసి, గబగబా పైకి తీశారు.

పెంకు. ఇంటి మీద నేసే కూన పెంకు. దాని కింద ఇంకో పెంకు. పడవ నిండా పేర్చిన కొత్త పెంకులు. ఎవరి ఇంటికో పోతూ పోతూ మునిగిపోయాయి పాపం.

 అన్నయ్యగారు ఆ పెంకుని అటూ ఇటూ తిప్పి చూసి, తట్టి చూసి, "ఇల్లు నేసుకుందామన్నా నాది డాబా కదే" అన్నారు. ఎలీసమ్మ ఫక్కున నవ్వింది. అంతే, గోతి చుట్టూ అందరూ నవ్వులే. ఆయన కూడా నవ్వేశారు.

ఆ నవ్వుల మధ్య ఎవరూ చూసుకోలేదు, పడవ చెక్కల సందుల్లోంచి నీళ్ళు ఊరుతున్నాయి. ముందు అన్నయ్యగారి పాదాలు మునిగాయి. కాసేపటికి తేటపడింది. ఎలీసమ్మ పైనుంచి చెంబు అందించింది. ఆయనే ముందు తాగారు.

 ఇంకో చెంబు తాగారు.

"ఎలా ఉన్నాయండీ?" అంది ఎలీసమ్మ.

"ఆయ్" అన్నారు. తర్వాత నెమ్మదిగా, "చిన్నప్పుడు మా నూతి నీళ్ళు ఇలాగే ఉండేవి" అన్నారు.

అందరం తాగాం. మీరు అడిగారు కదా. తియ్యగా అంటే పంచదారలా కాదు. గొంతు దిగాక ఇంకా కావాలనిపిస్తుంది, అదీ ఆ తీపి.

అయినా అన్నయ్యగారు మనసు మార్చుకోలేదు. "నీళ్ళు బాగున్నాయమ్మా, కాదనను. నేను మాత్రం సోమవారం నుంచి చెరువు తవ్వాలి" అన్నారు. ఆ సాయంత్రం వాణి గదిలో తలుపేసుకుని కూర్చుంది. నేనూ పిలవలేదు.

మర్నాడు పొద్దున్నే ఆయనే వచ్చారు. ఎందుకో తెలుసా? వాళ్ళ ముత్తాత పెరట్లో వెండి కంచం పాతిపెట్టాడని వాళ్ళమ్మగారు అంటారట. "మా పెరట్లో ఓసారి తోస్తావా అమ్మా" అని వాణిని అడిగారు. నేనూ వెళ్ళాను.

కంచం లేదు. వాణి మర తిప్పింది. వాళ్ళ పెరడంతా టీవీలో నల్లగా ఉంది, కాటుక ఒలికినట్టు. బండిని గట్టు దాకా తోస్తే ఆ నలుపు ఎక్కడి నుంచి వస్తోందో తెలిసింది. ఇంటి వెనకున్న ఆయన పాత రొయ్యల చెరువుల నుంచే. పెరటి కొబ్బరి చెట్ల వేళ్ళ కింద నుంచి, వంటింటి కింద నుంచి, వీధి దాకా పాకింది. రెండేళ్ళుగా ఆ చెట్ల పిందెలు రాలిపోతున్నాయని ఆయన మందులు కొట్టిస్తూనే ఉన్నారు.

ఆయన ఆ టీవీ ముందు నుంచి కదలలేదు. వెనక నుంచి వాళ్ళమ్మగారు అంతా విన్నారు. పెద్దావిడకి చూపు ఆనదు గానీ మాట ఆనుతుంది. "ఒరే కేశవా, నేను తాగేవి ట్యాంకరు నీళ్ళు. నా చెట్లు తాగేవి నీ చెరువు నీళ్ళా? నాకు నోరుంది కాబట్టి అడిగి తెప్పించుకున్నాను. అవి ఎవరిని అడుగుతాయిరా?" అన్నారు.

ఆ సాయంత్రం పొక్లెయిన్ వెళ్ళిపోయింది. ఇవాళ పొద్దున్న అన్నయ్యగారు మీ సంతకం కాగితం తెచ్చి నా చేతిలో పెట్టారు. "బావ నన్ను తిట్టుకోడు కదమ్మా? వాడు రావాలని ఎంత ఆశపడ్డాడో నాకు తెలుసు" అన్నారు. రోజూ వాళ్ళమ్మగారికి ఓ బిందె నీళ్ళు అడిగారు. ఎలీసమ్మ పంపిస్తానంది, తన మెడ మీద కాదు, ఆయన మోటారు సైకిలు మీద.

గోతిలో సిమెంటు వరలు దింపి నుయ్యి కడుతున్నారు. మోటారు పెట్టకూడదని వాణి గట్టిగా చెప్పింది. లాగేస్తే అడుగు నుంచి ఉప్పు పైకొస్తుందట. చేదతో తోడుకోవాలి. పడవ అలాగే అడుగున ఉంది. పెంకులు మాత్రం తీశాం. తుఫానుకి కప్పులెగిరిపోయి తాటాకు కప్పుకున్న ఇళ్ళకి సరిపోయాయి.

ఇక మన సంగతి. చెరువు లేదు. మీరు అనుకున్న ఆధారం లేదు. అయినా రాస్తున్నాను, ఈసారి ఒక్కటే ఉత్తరం వచ్చింది. వచ్చేయండి. ఏం చేస్తాం అని అడక్కండి, నాకు తెలియదు. ఇద్దరం ఒకచోట కూర్చుని తెలియకపోవడం వేరు, అంత దూరాన ఉండి తెలియకపోవడం వేరు.

నతానియేలు చేత సీసాలో ఆ నీళ్ళు పంపుతున్నాను. పూతరేకుల డబ్బా ఆయన దారిలో ఖాళీ చేసినా క్షమించండి, సీసా మాత్రం ముట్టుకోవద్దని చెప్పాను.

మీ విజయ

*

మస్కట్
5 జూలై 1999

విజయా,

ఇన్ని రోజులు రాయనందుకు నీకు కోపం వచ్చి ఉంటుంది. చెప్పి చెయ్యలేకపోతే మళ్ళీ మాట పోతుందని, అన్నీ అయ్యాకే రాస్తున్నాను.

నతానియేలు సీసా తెచ్చి బల్ల మీద పెట్టాడు. పూతరేకులు నువ్వనుకున్నట్టే అయ్యాయి. గదిలో అందరం చుట్టూ కూర్చున్నాం. కడియం ఊరాయనా, కేరళ కుర్రాళ్ళూ. తలో గుక్కా పోశాను. ఎవరి ఊరి నీళ్ళు వాళ్ళకి గుర్తొచ్చాయి కాబోలు, ఖాళీ గ్లాసులు మళ్ళీ ముందుకి జరిపారు. నేను ఇన్నేళ్ళుగా ఎన్ని వేల గొంతులకి నీళ్ళు పోశానో లెక్క లేదు. నా గొంతుకి మన నేల నీళ్ళు పోసింది నువ్వు. నేను దాన్ని ఉప్పు చెయ్యమని సంతకం పెట్టాను. ఇంతకన్నా రాయలేను.

మర్నాడే కంపెనీలో చెప్పేశాను. సూపర్‌వైజరు ఎందుకని అడిగాడు. మా ఆవిడ నుయ్యి తవ్వించింది అన్నాను. పిచ్చివాణ్ణి చూసినట్టు చూశాడు. కాగితాలవీ పూర్తయ్యేసరికి ఇంతకాలం పట్టింది. కొండ పల్లెకి ఆఖరిసారి వెళ్ళి కొత్త డ్రైవరుని చూపించాను. ముసలమ్మ అతన్ని ఎగాదిగా చూసి, నన్ను చూసి, నా చేతిలో ఖర్జూరాల మూట పెట్టింది. ఇల్లు, ఇల్లు అని సైగ చేశాను. తెలిసిందన్నట్టు తలూపింది.

శుక్రవారం విమానం. ఈ ఉత్తరం ముందొస్తుందో నేను ముందొస్తానో తెలియదు. బావకి చెప్పు, తిట్టుకోలేదని.

భాస్కర్

*

పొన్నమెరక, మన వంటిల్లు
24 జూలై 1999

అరుగు మీద కూర్చుని వాణితో వాదిస్తున్న మావారికి,

మీ ఉత్తరం ఇవాళ వచ్చింది. మీరొచ్చి పదిరోజులు దాటింది. పోస్టుమాను కవరు పట్టుకుని, "అయ్యగారు వచ్చేసేరు కదండి, ఇదెవరికండి?" అన్నాడు. నాకే అన్నాను. మీరు వాణితో లోచూపు వ్యాను ఏ దారిలో తీసుకెళ్ళాలో మాట్లాడుతున్నారు, జొన్నాడ మీదుగానా, వాడపల్లి మీదుగానా అని. వాళ్ళ యూనివర్సిటీ వాళ్ళు వ్యాను ఇస్తారనీ, దానికి మిమ్మల్నే డ్రైవరుగా అడుగుతారనీ నేను కలలో కూడా అనుకోలేదు. ఊరూరా పాయల జాడ వెతికే పని మీకు బాగుంటుంది. ఇంటికి అన్నానికి వచ్చేస్తారు, అది నాకు బాగుంటుంది.

ఉత్తరానికి జవాబు రాయకపోతే చెయ్యి దురద పెడుతోంది. అదీ గాక మీకు ఒకటి చెప్పాలి. ఇన్నేళ్ళుగా కాగితం మీద చెప్పడం అలవాటైపోయింది. ఎదురుగా ఉంటే నోరు రావడం లేదు.

వేసవిలో ఓరోజు లోచూపు చక్రం బాగుచేయించాక వాణి సరిగ్గా తిరుగుతోందో లేదో అని మన వాకిట్లోనే తోసింది, గుమ్మం దగ్గర్నుంచి గేటు దాకా. నేను తోడుగా ఉన్నాను. పైన ఏమీ లేదు, గడ్డే. మర కొంచెం తిప్పగానే టీవీలో ఓ గీత కనిపించింది. సన్నగా, తిన్నగా, గుమ్మం నుంచి గేటు దాకా. గేటు దగ్గర వెడల్పయి గుండ్రంగా ఉంది.

"ఇక్కడ నేల ఇంత గట్టిపడిందేంటండీ పిన్నిగారూ? పాత దారేమైనా ఉండేదా?" అంది వాణి.

"కోళ్ళు తిరుగుతాయమ్మా" అన్నాను.

వాణి నా మొహం చూసి, టీవీ కట్టేసింది. తెలివైన పిల్ల.

అది కోళ్ళ దారి కాదండీ. పోస్టుమాను సైకిలు బెల్లు విన్నప్పుడల్లా నేను వెళ్ళిన దారి. వెడల్పైన చోట నిలబడేదాన్ని. ఉత్తరం ఉన్నరోజు త్వరగా తిరిగొచ్చేదాన్ని, లేనిరోజు కాసేపు ఉండేదాన్ని. ఆ జాడ నేల మీద పడుతుందని నాకు తెలియదు.

ఇది చదివాక నాతో ఏమీ అనకండి. నాకు సిగ్గు. వాణి వెళ్ళాక ఓసారి గేటు దాకా నాతో నడవండి. ఊరికే, ఏ పనీ లేకుండా.

మీ విజయ